కొండలు కదిలినప్పుడు ఊరకుండడం

"ఊరకుండుడి, నేనే దేవుడనని తెలిసికొనుడి" అనే 46వ కీర్తన వాక్యాన్ని మనం ఎక్కువగా కాస్త ప్రశాంతత కావాలనిపించినప్పుడు చదువుకుంటాం. కానీ ఆ కీర్తన మొదలు చూడండి, భూమి మారిపోతోంది, పర్వతాలు సముద్రంలో మునిగిపోతున్నాయి, జనాలు ఘోషిస్తున్నారు. అంత గోల మధ్యలో వచ్చిన మాట అది. కార్తూసియన్లనే కాథలిక్ సన్యాసుల చరిత్ర చదివాక ఇది నాకు బాగా ఎక్కింది.

రీమ్స్‌లో పేరున్న గురువు పునీత బ్రూనో 1084లో ఆరుగురు సహచరులతో ఫ్రాన్స్‌లోని షార్త్రూజ్ కొండల్లోకి వెళ్ళిపోయారు, ఈ సన్యాసుల సంఘం అలా మొదలైంది. గ్రెనోబుల్ పీఠాధిపతి హ్యూ ఆ చోటు ఇచ్చారు. ఆరేళ్ళకే, బ్రూనో పాత శిష్యుడు రెండవ అర్బన్ పోపు హోదాలో రోముకు రమ్మని పిలిచారు, వెళ్ళక తప్పలేదు. కోరి తెచ్చుకున్న ఏకాంతాన్ని విధేయత కోసం వదులుకోవడం, నాకైతే ఆయన జీవితంలో అన్నిటికన్నా కష్టమైన భాగం ఇదే అనిపిస్తుంది. మళ్ళీ షార్త్రూజ్‌కు తిరిగిరాలేదు, 1101లో ఇటలీలోని కలాబ్రియాలో కన్నుమూశారు.

1132లో మంచుచరియలు విరిగి షార్త్రూజ్ మఠం మీద పడి ఏడుగురు చనిపోయారు. మిగిలినవాళ్ళు కొంచెం కిందికి దిగి మళ్ళీ కట్టుకున్నారు. ఫ్రెంచి విప్లవం వాళ్ళను వెళ్ళగొట్టింది, తర్వాత తిరిగొస్తే 1903లో ప్రభుత్వం సైనికులను పంపి మరోసారి ఖాళీ చేయించింది, 1940లో యూరప్ యుద్ధంలో ఉండగా మళ్ళీ వచ్చారు.

ఇన్ని జరిగినా వాళ్ళ దినచర్య పెద్దగా మారలేదు. ఒక్కో సన్యాసికి చిన్న ఇల్లు, తోట, పని చేసుకునే గది. భోజనం గోడలోని చిన్న కిటికీ గుండా వస్తుంది, మాంసం ముట్టరు. రాత్రి నిద్ర మధ్యలో లేచి గుడిలో చేరి రెండు మూడు గంటలు కీర్తనలు పాడి, మళ్ళీ వెళ్ళి పడుకుంటారు. వారానికోసారి మాత్రం కలిసి కొండల్లో నడుస్తూ చక్కగా కబుర్లు చెప్పుకుంటారు (ఈ సంగతి తెలిసి నాకు భలే ఊరట కలిగింది!). అంటే మనుషుల మీద విసుగుతో పట్టిన మౌనం కాదు. చనిపోయాక సమాధి మీద చెక్క శిలువ ఉంటుంది, పేరుండదు.

వారంలో కీర్తనల గ్రంథమంతా పాడతారు కాబట్టి, పర్వతాలు మునిగినా మేము భయపడము అనే ఈ కీర్తన కూడా ప్రతి వారం వాళ్ళ నోట వస్తుంది. మంచు మీద పడిన ఆ ఏటి తర్వాత బతికినవాళ్ళు కూడా దాన్ని దాటేయకుండా పాడే ఉంటారు.