పై పేరు, కింది పేరు: ఫిన్లాండ్ తీరం వెంబడి

ఫిన్లాండ్ రాజధాని హెల్సింకిలో మెట్రో రైలు ఎక్కితే స్టేషను పేరు రెండు భాషల్లో వినిపిస్తుంది. మొదట ఫిన్నిష్‌లో ‘హకనియెమి’, వెంటనే స్వీడిష్‌లో ‘హాగ్నెస్’. మొదట ‘కంప్పి’, ఆ తరువాత ‘కంపెన్’. వీధి మలుపుల్లోని పేరు పలకలు, ట్రాం స్టాపులు, ప్రభుత్వ కార్యాలయాల తలుపులు, చివరికి పాల డబ్బాల మీది వివరాలు కూడా ఇలాగే జంటగా ఉంటాయి. హెల్సింకి పక్కనే ఉన్న ఎస్పో నగరంలో ఉద్యోగం చేస్తున్న మా అక్క కూతురి ఇంటికి వేసవిలో వెళ్లినప్పుడు, ఆ దేశంలో నేను చూడదలచుకున్నవాటిలో మొదటిది ఈ రెండు భాషల సహజీవనమే. తెలుగు పాఠాలు చెబుతూ ఉద్యోగ జీవితమంతా గడిపినదాన్ని కనుక, ఒక భాషకు చట్టం ఇచ్చే హోదా ఆ భాష మాట్లాడేవాళ్ల నిత్య జీవితంలోకి ఎంతవరకు దిగుతుందో కళ్లారా చూడాలన్న కోరిక నాకు చాలాకాలంగా ఉండేది.

దాదాపు 56 లక్షల జనాభా ఉన్న ఆ దేశంలో స్వీడిష్ మాతృభాషగా గలవారు 5 శాతానికి కాస్త పైన, అంటే 3 లక్షలకు కొంచెం తక్కువ. అయినా అక్కడి రాజ్యాంగం స్వీడిష్‌ను అల్పసంఖ్యాకుల భాషగా పేర్కొనదు. 1919 నాటి రాజ్యాంగ శాసనమూ, 2000లో అమలులోకి వచ్చిన ఇప్పటి రాజ్యాంగంలోని 17వ అధికరణమూ ఫిన్నిష్, స్వీడిష్ రెండూ దేశ జాతీయ భాషలని ఒకే వాక్యంలో, ఒకే స్థాయిలో చెబుతాయి. పెద్ద భాష చిన్న భాషకు దయతో కల్పించిన వెసులుబాటుగా కాక, ఇద్దరికీ సమానంగా చెందిన ఆస్తిగా భాషా హక్కును రాసిపెట్టడం నన్ను అన్నిటికంటే ఎక్కువగా ఆకట్టుకుంది.

ఈ ఏర్పాటు ఎలా వచ్చిందో తెలియాలంటే హెల్సింకి నడిబొడ్డున, బ్యాంక్ ఆఫ్ ఫిన్లాండ్ ఎదుట కూర్చున్న తత్వవేత్త స్నెల్‌మన్ విగ్రహం దగ్గర కాసేపు నిలబడాలి. ఆ విగ్రహ పీఠం మీద 1944లో పడిన బాంబుల గాట్లను పూడ్చకుండా అలాగే ఉంచారు. ఫిన్లాండ్ శతాబ్దాలపాటు స్వీడన్ రాజ్యంలో భాగంగా ఉండి, 1809లో రష్యా చక్రవర్తి పాలనలోకి వెళ్లింది. అప్పటికి ప్రభుత్వ కార్యాలయం, న్యాయస్థానం, విశ్వవిద్యాలయం, పెద్దింటి మర్యాదలు అన్నీ స్వీడిష్‌లోనే సాగేవి. పొలాల్లో, అడవుల్లో, అధికశాతం ప్రజల ఇళ్లలో వినిపించేది ఫిన్నిష్. మికాయెల్ ఆగ్రికోలా అనే క్రైస్తవ మతాచార్యుడు 1543లోనే ఫిన్నిష్ అక్షరమాల పుస్తకాన్ని అచ్చువేయించినా, మూడు వందల ఏళ్ల తరువాత కూడా ఆ భాష అధికారుల బల్ల దాకా రాలేదు. యోహాన్ విల్హెల్మ్ స్నెల్‌మన్ స్వీడిష్‌లో చదువుకున్నవాడు, స్వీడిష్‌లోనే రాసినవాడు. చదువుకున్న వర్గం ప్రజల భాషను తన భాషగా చేసుకోకపోతే జాతి నిలబడదని వాదించి, ఆ వాదాన్ని స్వీడిష్ పాఠకుల ముందే పెట్టాడు. 1863లో రష్యా చక్రవర్తి రెండవ అలెగ్జాండర్ జారీ చేసిన ఉత్తరువు ఇరవై ఏళ్లలో కార్యాలయాల్లో ఫిన్నిష్‌కు స్వీడిష్‌తో సమాన స్థానం దక్కాలని నిర్దేశించింది. స్నెల్‌మన్ శతజయంతి సంవత్సరమైన 1906లో వేలాదిమంది తమ స్వీడిష్ ఇంటిపేర్లు వదిలి ఫిన్నిష్ ఇంటిపేర్లు పెట్టుకున్నారు. ఒక భాషలో పెరిగినవాళ్లు మరో భాష కోసం ఇంత పట్టుగా పనిచేసిన ఉదాహరణలు చరిత్రలో తరచుగా కనిపించవని నా అభిప్రాయం.

పోర్వో పట్టణంలో రూనెబెరి నివసించిన ఇంటిని చూశాను. దేశ జాతీయ కవిగా గౌరవం పొందిన ఈయన రాసినదంతా స్వీడిష్‌లోనే. 1846లో ఆయన రాసిన కవితే నేటి జాతీయగీతం. దాన్ని ఫిన్నిష్ అనువాదంలోనూ, స్వీడిష్ మూలంలోనూ పాడతారు.

సాయంత్రం ఎస్పోలో భోజనాల దగ్గర మా అక్క కూతురు మరో సంగతి చెప్పింది. ఆ దేశపు జనాభా రిజిస్టరులో ప్రతి మనిషి పేరు పక్కనా మాతృభాష నమోదవుతుంది. “మా వాడికి తెలుగు అని రాయించాం పిన్నీ, ఒక్క భాషే రాయనిస్తారు” అంది. ఆ ఒక్క గడి ఎంత బరువైనదో నాకు మెల్లగా అర్థమైంది. తల్లిది స్వీడిష్, తండ్రిది ఫిన్నిష్ అయిన ఇళ్లు తీరప్రాంతంలో ఎన్నో ఉన్నాయి. అక్కడి పిల్లలు రెండింటిలోనూ సమానంగా కలలు కంటూ పెరుగుతారు. కానీ రిజిస్టరు ఏదో ఒకటి తేల్చమంటుంది, ఆ తేల్చిన దాన్ని బట్టే ఊరి భాష లెక్క కడతారు. రెండు భాషల మనిషికి రెండు భాషల దేశపు పట్టికలో చోటు లేకపోవడం సరైన పద్ధతి కాదని నాకు గట్టిగా అనిపించింది.

ఆ లెక్కలు నేల మీద ఎలా ఉంటాయో హెల్సింకి నుంచి టుర్కుకు పోయే రైలు కిటికీలోంచి చూడవచ్చు. చట్టం ప్రకారం ప్రతి పురపాలిక ఏకభాషా పురపాలిక గానీ ద్విభాషా పురపాలిక గానీ అవుతుంది. తక్కువ సంఖ్యలో ఉన్న భాషవాళ్లు ఆ ఊరి జనాభాలో 8 శాతం గానీ, 3,000 మంది గానీ ఉంటే అది ద్విభాషా పురపాలిక. ఒకసారి ఆ హోదా వచ్చాక వాళ్ల సంఖ్య 3,000 కంటే, శాతం 6 కంటే కిందికి పడితే తప్ప పోదు. అప్పుడు కూడా ఆ ఊరి సభ కోరితే ప్రభుత్వం హోదాను కొనసాగించవచ్చు. ప్రతి పదేళ్లకూ ఈ జాబితాను కొత్తగా ప్రకటిస్తారు. పలకల మీద మాత్రం ఆ ఊళ్లో ఎక్కువమంది మాట్లాడే భాష పేరు పైన, రెండోది కింద. హెల్సింకిలో, ఎస్పోలో ఫిన్నిష్ పేరు పైనుంటే, రాసెబొరి ప్రాంతంలోని చిన్న స్టేషను దగ్గర వరుస తిరగబడింది: పైన స్వీడిష్‌లో ‘కారిస్’, కింద ఫిన్నిష్‌లో ‘కర్యా’. అక్కడ ఎక్కువమందిది స్వీడిష్. ఇంకొంత దూరం పోయాక సలో వస్తుంది. అది ఫిన్నిష్ ఏకభాషా పట్టణం, అక్కడ ఒకే పేరు. మళ్లీ టుర్కు చేరేసరికి రెండు పేర్లూ తిరిగి వచ్చాయి, కింద ‘ఓబు’ అనే స్వీడిష్ పేరుతో సహా. టుర్కులో స్వీడిష్ వాళ్లు 8 శాతం లేరు. 3,000 మంది అన్న రెండో షరతే ఆ పెద్ద నగరాన్నీ, హెల్సింకినీ ద్విభాషా నగరాలుగా నిలబెడుతోంది. శాతం ఒక్కటే కొలబద్ద అయి ఉంటే రాజధానిలోనే స్వీడిష్ హోదా పోయేది. తెలుగు, ఉర్దూ, ఇంగ్లీషు మూడు లిపుల్లో రాసిన బోర్డులకు అలవాటు పడిన హైదరాబాదు కళ్లకు ఒకే రోమన్ లిపిలోని ఈ రెండు వరుసలు సాదాగా కనిపించవచ్చు. ఆ వరుసల వెనుక ఉన్న నియమం మాత్రం ఎంతో ఆలోచించి చేసినది.

ఒకప్పుడు దేశానికి ముఖ్యపట్టణమైన టుర్కులో 1827లో ఘోరమైన అగ్నిప్రమాదం జరిగింది. మరుసటి ఏడాది విశ్వవిద్యాలయాన్ని హెల్సింకికి తరలించారు. స్వాతంత్ర్యం వచ్చాక ఆ లోటు తీరింది, అదీ రెండింతలుగా: స్వీడిష్‌లో బోధించే ఓబు అకడమి 1918లో, ఫిన్నిష్‌లో బోధించే టుర్కు విశ్వవిద్యాలయం 1920లో స్థాపితమయ్యాయి. రెండూ పక్కపక్కనే, పాత ప్రధాన చర్చికి నడిచిపోయే దూరంలో ఉన్నాయి.

ఔరా నది ఒడ్డున బల్ల మీద కూర్చున్నప్పుడు, నర్సుగా పనిచేసి విశ్రాంతి తీసుకుంటున్న ఒక పెద్దావిడతో మాటలు కలిశాయి. ఆమె మాతృభాష స్వీడిష్. దుకాణంలోకి అడుగుపెడితే మొదట స్వీడిష్‌లోనే పలకరిస్తుందట. అవతలివాళ్లకు రాకపోతే ఫిన్నిష్‌లోకి మారుతుంది, అందులో ఆమెకు కష్టమేమీ లేదు. “నా బాధ దుకాణం గురించి కాదు. ముసలితనంలో మతిమరుపు జబ్బు వచ్చినవాళ్లు తరువాత నేర్చుకున్న భాషను ముందు పోగొట్టుకుంటారు. వాళ్లకు మిగిలేది అమ్మ భాష ఒక్కటే. పక్కన నిలబడ్డ నర్సుకు ఆ భాష రావాలి కదా” అంది. 2004 నుంచి అమలులో ఉన్న భాషా చట్టం, పౌరుడు పట్టుబట్టి అడిగేదాకా ఆగకుండా అధికారులే తమంతట తాముగా భాషా హక్కును నెరవేర్చాలని చెబుతుంది. చట్టం ఎంత చక్కగా ఉన్నా, భాష వచ్చిన మనిషిని ఆ రాత్రి డ్యూటీలో పెట్టగలిగితేనే ఆ హక్కు రోగి మంచం దాకా చేరుతుంది. ఈ విషయంలో ఆమెతో నాకు పూర్తి ఏకీభావం.

టుర్కు నుంచి ఓడలో, లెక్కలేనన్ని చిన్న దీవుల మధ్యగా, ఆలాండ్ ద్వీపసమూహం ముఖ్యపట్టణమైన మరీహామ్న్ చేరాను. ఇక్కడికి వచ్చేసరికి రెండో వరుస పూర్తిగా మాయమైంది. వీధుల పేర్లు, కార్యాలయాలు, బడులు అన్నీ స్వీడిష్ ఒక్కదానిలోనే. 1917లో ఫిన్లాండ్ స్వతంత్రమైనప్పుడు ఈ దీవుల ప్రజలు స్వీడన్‌లో కలవాలని కోరారు. వివాదం నానాజాతి సమితికి (లీగ్ ఆఫ్ నేషన్స్) చేరింది. దీవులు ఫిన్లాండ్‌వేనని, అయితే అక్కడి ప్రజల స్వీడిష్ భాషకూ, ఆచారాలకూ ఫిన్లాండ్ హామీ పడాలని 1921లో సమితి తీర్పునిచ్చింది. ఆ హామీ నేటికీ చెల్లుతోంది. సుమారు 30 వేలమంది ఉన్న ఆ దీవులకు సొంత శాసనసభ, సొంత జెండా, సొంత తపాలా బిళ్లలు ఉన్నాయి. అక్కడ భూమి కొనడానికి ఆలాండ్ స్థానికత హక్కు ఉండాలన్నది సాధారణ నియమం.

రేవులో నిలిపి ఉంచిన పోమ్మెర్న్ అనే పాత తెరచాప ఓడను చూసి వస్తుండగా, తంపెరె నుంచి వచ్చిన ఒక ఫిన్నిష్ జంట పరిచయమైంది. ఇద్దరూ బడిలో నేర్చిన స్వీడిష్‌లో తడుముకుంటూ హోటల్లో మాట్లాడుతున్నారు. 1970ల బడి సంస్కరణల నుంచి ఫిన్నిష్ పిల్లలందరికీ స్వీడిష్ తప్పనిసరి పాఠ్యాంశం. స్వీడిష్ బడుల పిల్లలు ఫిన్నిష్ నేర్చుకుంటారు. దీన్ని ‘నిర్బంధ స్వీడిష్’ అని విమర్శించేవాళ్లు దేశంలో తక్కువేమీ కాదు. 2005 నుంచి ఉన్నత పాఠశాల ముగింపు పరీక్షలో స్వీడిష్ రాయడం ఐచ్ఛికమైంది. ఆ భర్త కూడా, తూర్పున రష్యా సరిహద్దు దగ్గర పెరిగే పిల్లవాడికి స్వీడిష్ బదులు రష్యన్ ఎంచుకునే వీలు ఉండాలన్నాడు. ఆలాండ్ బడుల్లో ఫిన్నిష్ ఐచ్ఛికమే కాబట్టి భారం ఒకవైపే పడుతోందన్నది ఆయన వాదన. భార్య ఒప్పుకోలేదు. ఎదుటివాళ్ల భాష బడిలోనే నేర్పకపోతే స్వీడిష్ తెలిసిన డాక్టరు, పోలీసు, గుమాస్తా ఎక్కడి నుంచి వస్తారని ఆమె అడిగింది. ఆయన మాటలో న్యాయం లేకపోలేదు గానీ, టుర్కులో ఆ పెద్దావిడ చెప్పింది విన్న తరువాత నేను భార్య పక్షానే నిలిచాను, ఆ మాట ఇద్దరితోనూ చెప్పాను.