రెండు రెక్కల వాల్వ్, రెండు ఎకో రిపోర్టులు

మెట్లెక్కితే ఆయాసం, ఛాతీ మీద బరువు. నా వయసు నలభై ఏడు. ఫిజీషియన్ స్టెత్ పెట్టి చూసి, మర్మర్ (గుండె చప్పుళ్ల మధ్య వినిపించే గరగర) మెడ దాకా వినిపిస్తోందని చెప్పి, ట్రెడ్‌మిల్ కాకుండా టూడీ ఎకో, అంటే గుండె అల్ట్రాసౌండ్ రాశారు. నా వైద్యంలో సగం అక్కడే జరిగిందంటాను. గుండె నుంచి బృహద్ధమనిలోకి రక్తం వెళ్లే తలుపు, అంటే అయోర్టిక్ వాల్వ్ బాగా ఇరుకై లక్షణాలు కూడా మొదలైన మనిషిని ట్రెడ్‌మిల్ ఎక్కిస్తే బీపీ పడిపోయి స్పృహ తప్పొచ్చు, ప్రాణం మీదికీ రావచ్చు. ఛాతీ నొప్పి అనగానే టీఎంటీ (ట్రెడ్‌మిల్ పరీక్ష) ప్యాకేజీ చేతిలో పెట్టే చోట, ముందు స్టెత్ పెట్టి విన్నారా అని అడగండి.

నేను ఎకో టెక్నీషియన్ని. అందుకే మొదటి రిపోర్టు కింద రాసిన ‘మోడరేట్’ అన్న మాట కంటే ముందు పైనున్న అంకెలు చూశాను. పీక్ వెలాసిటీ, అంటే వాల్వ్ దాటే రక్తం గరిష్ఠ వేగం, సెకనుకు 3.6 మీటర్లు. మీన్ గ్రేడియంట్, అంటే వాల్వ్‌కు అటూ ఇటూ ఒత్తిడిలో సగటు తేడా, 31 ఎంఎం హెచ్‌జీ. వాల్వ్ ఏరియా 0.8 చదరపు సెంటీమీటర్లు. మామూలుగా ఈ ద్వారం 3 నుంచి 4 చదరపు సెంటీమీటర్లు తెరుచుకోవాలి. వెలాసిటీ 4, మీన్ 40 దాటినా, ఏరియా 1 గానీ అంతకు తక్కువ గానీ ఉన్నా తీవ్రం కిందే లెక్క. అంటే నా ఏరియా తీవ్రం అంటోంది, వెలాసిటీ కాదంటోంది. రెండూ ఒకేసారి ఇలా రావడానికి కారణాలు కొన్నే. కొలతలో తేడా, గుండె ఒక్కో దెబ్బకు పంపే రక్తం తక్కువ కావడం, లేదా మనిషి మరీ చిన్న ఒళ్లు కావడం. నాకు ఈఎఫ్ (గుండె ఒక్కో దెబ్బకు బయటికి నెట్టే రక్తం శాతం) 60, ఒళ్లూ చిన్నది కాదు.

ఏరియా ఎలా వస్తుందో తెలిస్తే అనుమానం ఎక్కడ పడాలో తెలుస్తుంది. వాల్వ్ కిందున్న దారిని మేం ఎల్‌వీఓటీ అంటాం. దాని వ్యాసం 2.0 సెం.మీ. అయితే వైశాల్యం 3.14. అక్కడి వీటీఐ (ఒక్కో దెబ్బకు రక్తం ముందుకు సాగే దూరం, సెం.మీ.లో) 21తో గుణిస్తే ఒక్కో దెబ్బకు 66 మిల్లీలీటర్లు. దాన్ని వాల్వ్ మీది వీటీఐ 82తో భాగిస్తే 0.80. వ్యాసానికి వర్గం కడతాం కాబట్టి కర్సర్ 2 మిల్లీమీటర్లు లోపలికి పెడితే ఏరియా 0.65, బయటికి పెడితే 0.97. అందుకే పారాస్టెర్నల్ లాంగ్ యాక్సిస్‌లో (రొమ్ము ఎముక పక్కనుంచి గుండెను నిలువుగా చూపే బొమ్మలో) జూమ్ చేసి, వాల్వ్ తెరుచుకుని ఉన్న ఫ్రేమ్‌లో, లోపలి అంచు నుంచి లోపలి అంచుకు కొలవాలి. వ్యాసంతో పనిలేకుండా రెండు వీటీఐల నిష్పత్తి మాత్రమే చూసే పద్ధతీ ఉంది. నాది 0.26. అది 0.25 కంటే తక్కువైతే తీవ్రం. గీత మీద నిలబడ్డాను.

వెలాసిటీ సంగతి వేరు. వేగాన్ని కొలిచే డాప్లర్ కిరణం రక్తపు ధారకు సరిగ్గా ఎదురుగా ఉండాలి, పక్కకు పోతే అంకె తగ్గుతుందే తప్ప పెరగదు. మొదటి ఎకో చేసినవాళ్లు ఎడమ రొమ్ము కింద, అంటే ఎపికల్ విండోలో మాత్రమే చూశారు. రెండోచోట సీనియర్ డాక్టరమ్మ నన్ను కుడి పక్కకు తిప్పి పడుకోబెట్టి, కుడిచెయ్యి తలమీదికి ఎత్తించి, రొమ్ము ఎముకకు కుడివైపు రెండో పక్కటెముకల సందులో పెన్సిల్ ప్రోబ్ పెట్టారు. బొమ్మ రాని ప్రోబ్ అది, డాప్లర్ శబ్దం, వేగపు గ్రాఫ్ మాత్రమే. చెవితో వింటూ వేలి మందం కూడా జరపకుండా కోణం మార్చాలి. "గాలి వదిలెయ్, అలాగే ఆపు" అన్నారు. బొంగురుగా ఉన్న శబ్దం సన్నబడి ఈలలా మారింది, తెర మీద 4.4 వచ్చింది. వెలాసిటీ వర్గానికి నాలుగింతలే గ్రేడియంట్, కాబట్టి పీక్ 52 నుంచి 77కు వెళ్లింది. మీన్ 46. ఏరియా 0.66. ఇప్పుడు అంకెలన్నీ తీవ్రం అనే అంటున్నాయి. మొదట 3.6 వచ్చిందంటే కిరణం దాదాపు 35 డిగ్రీలు పక్కన ఉన్నట్టు.

ధార అంత పక్కకు పోవడానికి కారణం నా వాల్వ్‌కి మూడు రెక్కల బదులు రెండే ఉండటం. పుట్టుకతో వచ్చేది. వందలో ఒకరిద్దరికి ఉంటుంది. మూసుకున్నప్పుడు మాత్రం చూసి తేల్చకూడదు, ఎందుకంటే అతుక్కున్న రెక్కల మధ్య మడత మూడో గీతలా కనిపించి మోసం చేస్తుంది. షార్ట్ యాక్సిస్‌లో (వాల్వ్‌ను అడ్డంగా కోసినట్టు చూపే బొమ్మలో) తెరుచుకున్న ఫ్రేమ్ ఆపి చూస్తే చేప నోరులా కనిపిస్తుంది. మన దగ్గర రుమాటిక్ జబ్బు (గొంతు ఇన్ఫెక్షన్ తర్వాత వచ్చే జ్వరంతో వాల్వులు పాడయ్యే జబ్బు) ఎక్కువ కాబట్టి గుండె ఎడమవైపు గదుల మధ్య ఉండే మైట్రల్ వాల్వ్ కూడా జాగ్రత్తగా చూస్తారు. రుమాటిక్ అయితే అదీ దెబ్బతిని ఉంటుంది. నాది శుభ్రంగా ఉంది.

రెండో ఎకోతో తేలకపోయి ఉంటే ఇంజెక్షన్ లేని సీటీలో వాల్వ్ కాల్షియం లెక్కపెట్టేవాళ్లు. మగవాళ్లకు 2000, ఆడవాళ్లకు 1200 దాటితే తీవ్రం అయ్యే అవకాశం ఎక్కువ. గుండె బలహీనపడి గ్రేడియంట్ తక్కువగా వచ్చేవాళ్లకు, గుండె గట్టిగా కొట్టుకునేలా చేసే మందు ఎక్కిస్తూ తీసే డోబుటమిన్ ఎకో ఉంది. నాకు కావలసి వచ్చింది ఇంజెక్షన్ ఇచ్చి తీసే కాంట్రాస్ట్ సీటీ. రెండు రెక్కలవాళ్లకు బృహద్ధమని కూడా ఉబ్బొచ్చు. ఎకోలో పైభాగం సరిగా కనపడదు. నాది 4.2 సెం.మీ. వాల్వ్ కోసం ఎలాగూ ఛాతీ తెరుస్తున్నప్పుడు 4.5 ఉంటే అదీ మార్చే ఆలోచన చేస్తారు. నాది వదిలేశారు, కానీ ఇకపై దాన్ని కొలుస్తూనే ఉండాలి. సీటీకి ముందు కిడ్నీల పనితీరు తెలిపే క్రియాటినిన్ చూపించుకోండి. పంటి ఇన్ఫెక్షన్ కొత్త వాల్వ్‌కు పాకకుండా, పంటి డాక్టరు దగ్గరికి కూడా ఆపరేషన్‌కు ముందే వెళ్లాలి.

వాల్వ్ మార్చాలని తేలాక, నా వయసుకు మెటల్ వాల్వే అన్నారు. జంతు కణజాలపు వాల్వ్ నడివయసువాళ్లలో త్వరగా అరుగుతుంది. మెటల్‌లో రెండు పలకల రకం వేశారు. తిరువనంతపురం శ్రీచిత్ర సంస్థలో తయారై 1990లో మొదటిసారి మనిషికి అమర్చిన చిత్ర వాల్వ్ ఒకే పలక వాలే రకం, ధరలో బాగా తక్కువ. ఆరోగ్యశ్రీలో వాల్వ్ మార్పిడి ఉంది కాబట్టి ఏ రకం వేస్తారో ముందే అడిగి తెలుసుకోవడం మంచిది.

ఆపరేషన్‌లో కోసిన రొమ్ము ఎముక అతుక్కోవడానికి ఆరు నుంచి ఎనిమిది వారాలు. చేతులు ఊని మంచం మీంచి లేవకూడదు, పక్కకు తిరిగి కాళ్లు దించి లేవాలి. దగ్గొస్తే దిండు ఛాతీకి అదుముకోవాలి. బండి వెనక కూర్చోవడం కూడా వద్దు, స్పీడ్ బ్రేకర్ దగ్గర తెలుస్తుంది ఎందుకో. ఇంటికొచ్చాక రెండు మూడు వారాలకు మళ్లీ ఆయాసం, బీపీ తగ్గడం, కళ్లు తిరగడం వస్తే నీరసం అని పడుకోకండి. రక్తం పలచబరిచే మందు మీద ఉన్నప్పుడు గుండె చుట్టూ నీరు చేరొచ్చు, అదే రోజు ఎకో చేయించాలి.

రక్తం పలచబరిచే అసిట్రోమ్ మాత్ర జీవితాంతం. రక్తం ఎంత పలచబడిందో చెప్పే ఐఎన్‌ఆర్ నాకు 2 నుంచి 3 మధ్య ఉండాలి. తోటకూర, గోంగూర మానెయ్యక్కర్లేదు, వారం వారం ఇంచుమించు ఒకే మోతాదులో తింటే చాలు. నన్ను భయపెట్టేది ఆకుకూర కాదు, మందుల షాపు. పంటినొప్పికి మెట్రోనిడజోల్ వాడితే ఐఎన్‌ఆర్ ఎగబాకుతుంది, డైక్లోఫినాక్‌తో కడుపులో రక్తస్రావం కావచ్చు.

ఆపరేషన్ తర్వాత ఒకటి రెండు నెలలకు తీసే ఎకోని బేస్‌లైన్ అంటాం. కొత్త వాల్వ్‌కీ కొంత గ్రేడియంట్ ఉంటుంది. నాది వెలాసిటీ 2.3, మీన్ 11, నిష్పత్తి 0.42. రేపు ఎవరైనా 3.5 చూసి కంగారు పడితే ఈ కాగితంతో పోల్చాలి. నిష్పత్తి అలాగే ఉండి వెలాసిటీ పెరిగితే జ్వరమో రక్తహీనతో కావచ్చు. నిష్పత్తి 0.25 కిందికి పడితే పలక ఇరుక్కుందనో గడ్డ కట్టిందనో అనుమానించాలి. అప్పుడు క్యాథ్ ల్యాబ్‌లో ఫ్లోరో (కదలికలు చూపే ఎక్స్‌రే) కింద చూస్తే రెండు పలకలూ తెరుచుకుంటున్నాయో లేదో క్షణాల్లో తెలుస్తుంది, ఇంజెక్షన్ కూడా అక్కర్లేదు. చిత్ర వాల్వ్ పలక పాలిథిలిన్‌ది కాబట్టి ఫ్లోరోలో కనపడదు, వాళ్లు ఎకో మీదే ఆధారపడాలి. తమ్ముడికీ, మా అబ్బాయికీ ఒకసారి ఎకో తీయించాం, ఇద్దరికీ మూడు రెక్కలే.