కెమెరా ఎంచుకున్న కోటలు

ఎడిన్‌బరాలో వదిన వాళ్ళింటికి వచ్చిన నాటి నుంచి ఆమె ఎంతో ఇష్టంగా చెబుతూ వచ్చిన యాత్రకు ఈ రోజు ఇద్దరం కలిసి వెళ్ళి వచ్చాము. పద్దెనిమిదో శతాబ్దపు స్కాట్లాండులో, రాజుపై తిరుగుబాటు కాలంలో సాగే ‘అవుట్‌ల్యాండర్’ టీవీ ధారావాహికను చిత్రీకరించిన కోటలను ఒక్క రోజులో చూపించే యాత్ర ఇది. మినీ బస్సులో ఉన్నవారంతా ఆ కథను అన్ని భాగాలూ చూసినవారే కనుక, ఏ సన్నివేశం ఎక్కడ తీశారన్న ప్రశ్నలు బస్సు నగరం దాటక ముందే మొదలయ్యాయి. మా గైడు వాటికి ఓపికగా సమాధానాలు చెబుతూనే, ప్రతి చోటా మరో సంగతి కూడా వివరించారు: ఆ సన్నివేశానికి ఆ కోటే ఎందుకు పనికివచ్చింది అన్నది. రాత్రి భోజనాలయ్యాక ఇది రాస్తున్నప్పుడు కూడా నా మనసు ఆ ప్రశ్న చుట్టూనే తిరుగుతోంది.

మొదట చూసినది మిడ్‌హోప్. హోప్‌టౌన్ ఎస్టేటులో పొలాల మధ్య నిలిచిన పదహారో శతాబ్దపు రాతి ఇల్లు ఇది. కథానాయకుడి సొంత ఇల్లు లాలీబ్రాక్‌గా తెర మీద కనిపించేది ఇదే. లోపలి భాగం శిథిలమైనందువల్ల ఎవరినీ గుమ్మం దాటనివ్వరు. కమాను దాటి, వాకిట్లో నిలబడి, ఎత్తైన గోడను, దాని మూలల్లో పైన పొడుచుకువచ్చిన చిన్న బురుజులను చూసి వెనక్కి రావడమే. లోపలి గదుల సన్నివేశాలన్నీ స్టూడియోలో తీసినవని విన్నప్పుడు బస్సులో కొందరి ముఖాలు చిన్నబోయాయి. వదిన మాత్రం ఆ వాకిట్లో చాలాసేపు కదలకుండా నిలబడింది. “ఇంటికి తిరిగివచ్చే మనిషి మొదట చూసేది వాకిలినే కదా, నాకు ఇది చాలు,” అంది.

అక్కడి నుంచి బ్లాక్‌నెస్‌కు ఎంతో దూరం లేదు. ఫోర్త్ నది సముద్రంలో కలిసే విశాలమైన అఖాతం ఒడ్డున, నీటిలోకి చొచ్చుకుపోయిన రాతి గుట్ట మీద, కొనదేలిన ముందు భాగంతో ఒక ఓడ ఆకారంలో ఉంటుందీ కోట. ఎన్నడూ ప్రయాణించని ఓడ అని స్థానికులు దీనికి పేరు పెట్టుకున్నారు. 1440ల్లో క్రైటన్ కుటుంబం దీనిని కట్టించింది. 1453లో ఇది రాజుల చేతికి వచ్చింది. తర్వాత శతాబ్దంలో, ఫిరంగులకు తట్టుకునేలా ఫినార్ట్‌కు చెందిన సర్ జేమ్స్ హామిల్టన్ దీనిని పటిష్ఠం చేయించినప్పుడు గోడల మందం కొన్నిచోట్ల అయిదున్నర మీటర్లకు చేరింది. లోపలికి అడుగుపెట్టగానే నన్ను నిలువరించింది గోడలు కాదు, నేల. ఆవరణలో పరచిన బండలు లేవు. గుట్ట రాయే ఎత్తుపల్లాలతో, వానకు నున్నబడి, కాళ్ళ కింద ఉంది. ఉదయం కురిసిన తుంపరకు అది ఇంకా తడిగానే ఉండడంతో ప్రతి అడుగూ చూసుకుని వేయవలసి వచ్చింది.

కథలో ఇది ఫోర్ట్ విలియం. బ్రిటిష్ సైన్యపు స్థావరం. కథానాయకుడిని కొరడాలతో కొట్టే సన్నివేశం ఈ ఆవరణలోనే తీశారు. అసలు ఫోర్ట్ విలియంలోని కోటను పందొమ్మిదో శతాబ్దం చివర్లో రైలు మార్గం కోసం చాలావరకు కూల్చివేయడం వల్ల దాని పాత్రను మరొక కోట పోషించక తప్పలేదు. అయితే బ్లాక్‌నెస్‌కు ఆ పాత్ర కొత్తేమీ కాదు. ఇది రాజులు విలాసంగా గడిపిన చోటు కాదు. ఆయుధాలకూ, కాపలాకూ, ఖైదీలకూ కట్టుకున్న చోటు. ఉత్తరపు బురుజు అడుగున, సముద్రపు పోటు వచ్చినప్పుడు నీరు చేరే చెర గొయ్యి ఉంది. దాని అంచున వంగి చూసినప్పుడు పాచి, ఉప్పు కలిసిన వాసన ముఖానికి తగిలింది. తెర మీద ఆ సన్నివేశం చూసినప్పుడు కలిగిన భయంలో సగం నటులదైతే, మిగతా సగం ఈ రాతిదేనని అక్కడ నాకు గట్టిగా అనిపించింది. మనిషిని కుదించి, తప్పించుకునే దారి లేదనిపించేలా చేయడానికే ఈ గోడలు కట్టారు. కెమెరా ముందు కూడా అవి ఆ పనే చేశాయి.

లిన్‌లిత్‌గో దగ్గరకు వచ్చేసరికి ఈ లెక్క తప్పింది. అందుకేనేమో, అన్నింటిలోనూ నన్ను ఎక్కువగా కదిలించినది అదే.

1424లో పట్టణంతో పాటు పాత రాజగృహం కూడా కాలిపోయిన తర్వాత, మొదటి జేమ్స్ రాజు ఈ రాజభవనాన్ని కట్టించడం మొదలుపెట్టాడు. చెరువు ఒడ్డున, పచ్చిక దిబ్బ మీద, నాలుగు వైపులా ఎత్తైన కట్టడాలతో, మధ్యన చతురస్రపు ఆవరణతో ఉన్న ఇది ఆనందంగా గడపడానికి కట్టుకున్న ఇల్లు. ఆవరణ మధ్యలో అయిదో జేమ్స్ 1538లో కట్టించిన ఫౌంటెన్ అంతస్తులు అంతస్తులుగా, శిల్పాలతో నిలిచి ఉంది. ఆయన కూతురు, స్కాట్లాండు రాణి మేరీ, 1542 డిసెంబరు 8న ఇక్కడే పుట్టింది. పుట్టిన ఆరో రోజున తండ్రి మరణించడంతో ఆ పసికందు రాణి అయింది. ఒక మూల బురుజు పైన ఉన్న చిన్న గదిని గైడు కింద నుంచే చూపించారు. 1513లో ఇంగ్లీషువారితో ఫ్లాడెన్ యుద్ధానికి వెళ్ళిన నాలుగో జేమ్స్ కోసం ఆయన భార్య మార్గరెట్ అక్కడి నుంచే ఎదురుచూసిందని చెప్పుకుంటారు. ఆయన తిరిగి రాలేదు.

ఇంత వైభవం చూసిన భవనం తెర మీద వెంట్‌వర్త్ చెరసాల. ధారావాహిక మొత్తంలో చూడడానికే కష్టమైన ఘట్టాలకు ఇక్కడి నడవాలు, ద్వారం నేపథ్యమయ్యాయి. పుట్టుకలకూ విందులకూ నెలవైన ఇల్లు చెరసాలగా ఎలా ఒదిగిందో గైడు చెప్పిన ఒక్క సంగతితో అర్థమైంది. బ్రిటన్ సింహాసనం తన స్టూవర్ట్ వంశానిదేనని తిరుగుబాటు లేవదీసిన యువరాజు చార్లెస్ 1745 సెప్టెంబరులో ఈ భవనానికి వచ్చాడు. కొద్ది నెలలకే, 1746 ఆరంభంలో, ఆయనను తరుముతూ వచ్చిన ప్రభుత్వ సేనాని కంబర్‌ల్యాండ్ డ్యూక్ సైనికులు ఇక్కడ బస చేసి వెళ్ళేసరికి భవనం మంటల్లో కాలిపోయింది. పైకప్పులు పోయాయి, చెక్క పలకలు పోయాయి, మిగిలినది రాయి మాత్రమే. అంటే ధారావాహిక ఏ తిరుగుబాటు గురించి చెబుతోందో, ఆ తిరుగుబాటు చివరి రోజుల్లోనే ఈ భవనం బోడి గోడలుగా మారింది. చిత్రీకరణ బృందానికి కావలసిన ఆ చీకటి, ఆ చలి, 1746 మంటలు మిగిల్చి పోయినవి. ఈ విషయం విన్న తర్వాత నడవాలో నడుస్తూ, పైన ఆకాశం కనిపిస్తున్న చోట ఒకసారి ఆగి, నేల మీద పడిన వెలుతురును చాలాసేపు చూశాను. కథలో జరిగినది కల్పన. ఈ గోడలకు జరిగినది నిజం.

మధ్యాహ్నం డూన్‌కు చేరుకున్నాము. స్టర్లింగ్ దగ్గర, టీత్ నది పక్కన ఉన్న ఈ కోటే తెర మీద కథానాయకుడి మేనమామల లియోక్ కోట. దీనిని కట్టించిన ఆల్బనీ డ్యూక్ రాబర్ట్ స్టూవర్ట్ రాజు కొడుకు, రాజు తమ్ముడు, కానీ తాను రాజు కాలేదు. అన్న కొడుకైన మొదటి జేమ్స్ 1406లో ఇంగ్లీషువారికి బందీగా చిక్కిన తర్వాత, 1420లో తాను మరణించే వరకు రాజ్యాన్ని నడిపినది ఈయనే. 1424లో విడుదలై వచ్చిన జేమ్స్, మరుసటి ఏడాదే ఆల్బనీ కొడుకు ముర్డాక్‌కు మరణశిక్ష విధించి డూన్‌ను స్వాధీనం చేసుకున్నాడు. ఉదయం చూసిన లిన్‌లిత్‌గో భవనానికి పునాది వేసిన రాజు ఈయనే అని గుర్తురాగానే, రెండు కోటలూ నా మనసులో ఒకే కుటుంబ కలహంలో రెండు ఇళ్ళుగా కలిసిపోయాయి.

కిరీటం లేని మనిషి, రాజులా కనిపించాలని కట్టించిన కోట అని దీని ప్రతి అంగుళం చెబుతుంది. ద్వారం మీద దాదాపు ముప్పై మీటర్ల ఎత్తున బురుజు లేస్తుంది. ప్రభువు హాలు సరిగ్గా ఆ ద్వారం పైనే ఉంటుంది. వంటగదిలో పొయ్యి కమాను ఒక్కటే గోడ నిడివంతా ఆక్రమించి ఉంది. నేను ఎక్కువ సేపు చూసినది దక్షిణపు ప్రహరీని. అందులో పెద్ద కిటికీలు ఉన్నాయి గానీ, వాటి వెనుక గదులు లేవు. అటువైపు కూడా భవనాలు కట్టాలన్న ఆలోచనతో కిటికీలు ముందే పెట్టుకున్నారు. ఆ భవనాలు ఎన్నడూ రాలేదు. దాంతో ఆవరణ విశాలంగా, ఖాళీగా మిగిలింది. గుర్రాలనూ, బండ్లనూ, వందలాది నటులనూ, కెమెరాలనూ ఒకేసారి నిలిపే చోటు ఆ అసంపూర్తి నుంచే వచ్చిందని నాకు అనిపించింది.

1975లో వచ్చిన ‘మాంటీ పైథాన్ అండ్ ద హోలీ గ్రెయిల్’ చిత్రానికి కూడా ఇదే కోట. అప్పట్లో ప్రభుత్వ సంరక్షణలోని ఇతర కోటల్లో చిత్రీకరణకు అనుమతి దక్కకపోవడంతో, మొరే ఎర్ల్ సొంత ఆస్తిగా ఉన్న డూన్‌నే వేర్వేరు కోణాల్లో వేర్వేరు కోటలుగా చూపించారట. ఆ చిత్ర దర్శకుల్లో ఒకరైన టెరీ జోన్స్ గొంతుతోనే ఇక్కడి ఆడియో గైడు నడుస్తుంది. ఆయన గొంతులో ఈ రాళ్ళ మీద ఉన్న ప్రేమ స్పష్టంగా వినిపిస్తుంది. ఆ చిత్రంలో గుర్రపు డెక్కల చప్పుడు కొబ్బరి చిప్పలతో చేస్తారు. ఇద్దరు పిల్లలు ఆవరణ అంతా ఆ చప్పుడు చేస్తూ పరుగెత్తుతుంటే, కాసేపు అందరం గైడు మాటలు మాని వారినే చూశాము.

ఇక్కడ కూడా 1746 ఎదురైంది. ఆ ఏడాది జనవరిలో ఫాల్‌కర్క్ యుద్ధం తర్వాత, చార్లెస్ పక్షపు తిరుగుబాటుదారులైన జాకొబైట్లు ప్రభుత్వ పక్షపు బందీలను డూన్‌లో ఉంచారు. వారిలో తర్వాత నాటక రచయితగా పేరు తెచ్చుకున్న జాన్ హోమ్, పక్కబట్టలు ముడివేసి తాడుగా చేసుకుని, మరికొందరితో కలిసి కిందికి దిగి పారిపోయాడు. జాన్ విదర్‌స్పూన్ అనే మతబోధకుడు కూడా అప్పుడు ఇక్కడే బందీ; ముప్పై ఏళ్ళ తర్వాత అమెరికా స్వాతంత్ర్య ప్రకటన మీద సంతకం చేసినవారిలో ఆయన ఒకరు. కోట అంచున నిలబడి కిందికి చూసినప్పుడు, ముడివేసిన దుప్పటిని నమ్ముకుని చీకట్లో ఇంత ఎత్తు నుంచి దిగడం ఎలాంటిదో ఊహించుకోవడానికి కూడా నాకు ధైర్యం చాలలేదు.

తిరుగు ప్రయాణంలో చాలామంది ఫోన్లలో సన్నివేశాలు మళ్ళీ చూసుకున్నారు. యాత్ర బాగా నడిచింది, గైడుకు ఎంత కృతజ్ఞత చెప్పినా తక్కువే. అయినా లిన్‌లిత్‌గోకు ఇచ్చిన గంట సరిపోలేదన్నది నా నిశ్చితమైన అభిప్రాయం. మార్గరెట్ గదికి ఎక్కలేదు, చెరువు చుట్టూ నడవలేదు, ఫౌంటెన్ మీది శిల్పాలు ఒక్కొక్కటిగా చూడనే లేదు. ఈ మాట అంటే వదిన, “రైలెక్కితే అరగంట కూడా పట్టదు, మళ్ళీ వెళ్దాం పద,” అంది. బుధవారం ఆమెకు సెలవు. ఉదయం మొదటి రైళ్ళ సమయాలు ఇప్పుడే చూసి పెట్టాను.