దాపటెద్దు మెడ

పొలాల అమావాస్యకు ముందురోజు సాయంత్రం మా ఇంట్లో ఎడ్ల మెడలకు వెన్న, పసుపు కలిపి రుద్దుతాం. ఏడాదంతా కాడి మోసిన మెడలు మరి. మాది నిర్మల్ వైపు. తెల్లారితే శ్రావణ బహుళ అమావాస్య. ఎడ్లను వాగులో కడిగి, కొమ్ములకు రంగులేసి, గజ్జెలు కట్టి హనుమాన్ గుడి చుట్టూ తిప్పుతాం. ఆ రోజు కాడి ఎత్తం. పోలెలు, అంటే బొబ్బట్లు కూడా ముందు ఎద్దుకు, తర్వాతే మనకు. కోస్తాలో ఇదే అమావాస్యకు తల్లులు కంద మొక్కకు పూజ చేసి పిల్లల క్షేమం కోరుకుంటారు. మాకు మాత్రం ఇది ఎడ్ల పండుగే.

ఈ పండుగ వచ్చిందంటే నాకు భాగవతం ప్రథమ స్కంధం గుర్తొస్తుంది. అక్కడ ధర్మదేవత ఎద్దు రూపంలో ఉంటాడు. తపస్సు, శౌచం, దయ, సత్యం నాలుగు కాళ్లు. కలికాలానికి మూడు పోయి సత్యం ఒక్కటే మిగులుతుంది. పక్కన ఆవు రూపంలో భూదేవి. రాజు వేషంలో ఉన్న కలి కర్రతో కొడుతుంటే పరీక్షిత్తు చూసి, నిన్నిలా చేసిందెవరని ఎద్దునే అడుగుతాడు. కొట్టినవాడు ఎదురుగానే ఉన్నాడు. అయినా ఎద్దు పేరు చెప్పదు. కొందరు కర్మ అంటారు, కొందరు దైవమంటారు, నువ్వే ఆలోచించుకో రాజా అంటుంది. ఆ జవాబుతోనే అది ధర్మమని పరీక్షిత్తు పోల్చుకుంటాడు. పురాణం చెప్పేవాళ్లు ఎక్కువగా నాలుగు కాళ్ల లెక్క చెప్పి ముందుకు పోతారు. నా మనసు మాత్రం ఆ పేరు చెప్పకపోవడం దగ్గరే ఆగిపోతుంది.

ఎందుకంటే ఒక ఏడాది ఆ కర్ర నా చేతిలోనే ఉంది.

ఆ ఏడు ముసురు వదలక పత్తిలో గడ్డి మోకాలెత్తు లేచింది. మొక్క ఎదిగాక సాళ్లలోకి ట్రాక్టర్ దిగదు, కలుపు తీసే గుంటుకను ఎడ్లతో తోలాల్సిందే. పైన అప్పుల టెన్షన్. కాడికి ఎడమవైపు కట్టే దాపటెద్దు మాటిమాటికీ ఆగుతుంటే మొండికేసిందనుకుని నాలుగు తగిలించాను. పొద్దు నెత్తిమీదికొచ్చి కాడి దించితే తెలిసింది, కింద మెడ ఒరుసుకుపోయి పచ్చిపుండు. సాయంత్రం కుడితి పెడితే ఎప్పటిలాగే తాగింది, నా చెయ్యి కూడా నాకింది. అది ఉప్పు కోసమేనంటాడు మా బాపు. కావచ్చు.

ఆ ఏటి పొలాల పండుగకు బాపు వెన్న గిన్నె నాకిచ్చి, "దాపటిదాని మెడ నువ్వే రుద్దురా" అన్నాడు. పుండు మానింది కానీ రూపాయి బిళ్లంత చోట వెంట్రుక మొలవలేదు. అక్కడ వేళ్లు తగలగానే తోలు జలదరించింది. చెయ్యి వెనక్కి తీసుకున్నాను. ఎద్దు మెడ ఇంకాస్త వంచింది. మళ్లీ వెన్న తీసుకున్నాను.