అమ్మమ్మ ముడుపు, తాతయ్య కాలువ

అమ్మమ్మ సంవత్సరీకానికి ఇల్లు సర్దుతుంటే దేవుడి గూట్లో పటాల వెనక ఒక ముడుపు దొరికింది. పసుపు వెలిసిపోయి గుడ్డ బిరుసెక్కింది. చేతిలోకి తీసుకోగానే అమ్మ గుర్తుపట్టింది. 1998లో, నాకు ఏడేళ్లప్పుడు, టైఫాయిడ్ జ్వరం ఎంతకీ దిగకపోతే అంతర్వేది నరసింహస్వామికి మొక్కుకుని అమ్మమ్మ కట్టిన ముడుపు అది. జ్వరం తగ్గింది. నేను పెరిగాను, చదువుకున్నాను, ఉద్యోగానికని హైదరాబాద్ వచ్చేశాను. ముడుపు మాత్రం గూట్లోనే ఉండిపోయింది.

నా ప్రాణం కోసం మొక్కిన మొక్కు. ఇక తీర్చాల్సింది నేనే. జూన్ రెండో వారంలో గౌతమి ఎక్స్‌ప్రెస్ ఎక్కి రాజమండ్రిలో దిగాను. అక్కడ అమ్మ రెడీగా ఉంది. ముడుపు సంచిలో పెడుతూ, "దారిలో విప్పకు. స్వామి దగ్గరే విప్పాలి" అని రెండుసార్లు చెప్పింది.

దగ్గర దారులు వేరే ఉన్నాయి. కానీ ధవళేశ్వరం మీదుగా, కాలువ వెంట వెళ్దామని నేనే పట్టుబట్టాను. తాతయ్య నీటిపారుదల శాఖలో లస్కరుగా పని చేశారు. కాలువ గట్లు కాయడం, లాకుల దగ్గర షట్టర్లు ఎత్తడం, దించడం ఆయన పని. వేసవిలో మరమ్మతులకని కాలువలు కట్టేస్తారు. జూన్‌లో మళ్లీ వదిలితే ఎండి నెర్రెలిచ్చిన కాలువలోకి ముందు నురగ, ఎండాకులు, ఆ వెనకే ఎర్రటి నీళ్లు వచ్చేవి. సెలవుల చివర్లో ఊళ్లో ఉంటే తాతయ్య నన్ను గట్టు మీద నిలబెట్టి చూపించేవారు. నీళ్లు షట్టరును తాకగానే చెప్పులు విడిచి దండం పెట్టేవారు. నేనూ పెట్టేదాన్ని.

ధవళేశ్వరంలో బ్యారేజీ మీద కారు నెమ్మదిగా పోనిమ్మన్నాం. నాలుగు భాగాలుగా గోదావరికి అడ్డంగా సాగిన ఈ కట్టకు మొత్తం 175 గేట్లు. ఇప్పుడున్నది 1970 తర్వాత కట్టింది. 1847లో మొదలుపెట్టి 1852కల్లా కాటన్ దొర కట్టించిన ఆనకట్టే దీనికి మూలం. 2015 పుష్కరాల్లో తాతయ్య తన తండ్రికీ తాతకీ తర్పణం వదిలాక, మరో దోసెడు నీళ్లు తీసుకుని కాటన్ దొర పేరు చెప్పి వదిలారు. గోదావరి జిల్లాల్లో అలా చేసేవాళ్లు ఇంకా చాలామంది ఉన్నారు. "ఆయన మనకేమవుతాడు తాతయ్యా?" అని అడిగితే, "అన్నం పెట్టినోడు ఏమీ అవకుండా ఎలా పోతాడమ్మా" అన్నారు. అప్పటికి నాకు ఇరవై నాలుగేళ్లు. ఆ మాట నా మనసులో నాటుకుపోయింది.

బొబ్బర్లంక దగ్గర మధ్య డెల్టా కాలువ మొదలవుతుంది. అక్కణ్నుంచి గట్టు మీద రోడ్డు. ఒక పక్క నిండుగా కాలువ, ఇంకో పక్క కొబ్బరి తోటలు. ఆత్రేయపురం దాటాక లొల్ల లాకులు. సినిమాల్లో చూసి చాలామంది గుర్తుపడతారు. నాకైతే అది తాతయ్య ఆఫీసు. ఇక్కడ కాలువ పాయలుగా విడిపోయి కోనసీమ మీదకు వెళుతుంది. ఏ పాయకు ఎంత వదలాలో పైనుంచి చెప్పేవాళ్లు. చేత్తో తిప్పేది మాత్రం లస్కరు. "ఎగువోడి కోసం ఒక్క చుట్టు ఎక్కువ తిప్పితే చాలు, శివార్లో ఉన్నోడి చేను ఎండిపోద్ది" అనేవారు తాతయ్య. ఆ శివారు రైతులు ఎవరో ఆయనకు తెలియదు. అయినా రాత్రి రెండింటికి లేచి లాంతరు పట్టుకుని కొలబద్ద చూసొచ్చేవారు. ఎక్కువ నీళ్లు కావాలని అరటిగెలలు తెచ్చేవాళ్లూ ఉండేవారట. గెల గుమ్మం దాటేది కాదు, తిరిగి వాళ్ల సైకిల్ మీదకే ఎక్కేది. ఆ సంగతి అమ్మ కార్లో చెబుతుంటే విన్నాను. తాతయ్య ఎప్పుడూ చెప్పలేదు.

రావులపాలెం, కొత్తపేట దాటి పి.గన్నవరం చేరేసరికి ఎండ చుర్రుమంటోంది. అక్విడక్టు దగ్గర ఆగాం. లొల్లలో చీలిన నీళ్లే ఇక్కడ వైనతేయ గోదావరి మీదుగా అవతలి లంక గ్రామాలకు పోతాయి. కింద నది, పైన కాలువ. 1850ల్లో కట్టిన 49 కమానుల పాతది ఇంకా పక్కనే నిలబడి ఉంది. ఇప్పుడు నీళ్లు పారేది కొత్తదాంట్లో. దానికి డొక్కా సీతమ్మ పేరు పెట్టారు.

అమ్మమ్మ ఉంటే ఇక్కడ కారు కదలనిచ్చేది కాదు. సీతమ్మ గారి కథ ఆమె నోట వందసార్లు విని ఉంటాను. 1841లో మండపేటలో పుట్టి, లంకల గన్నవరం కోడలై వచ్చి, వేళ కాని వేళ తలుపు తట్టినా అన్నం వండిపెట్టిన ఇల్లాలు. 1909లో పోయేదాకా ఆ ఇంట్లో పొయ్యి ఆరలేదని చెబుతారు. ఇవాళ ఆంధ్రాలో బడి పిల్లలు తినే మధ్యాహ్న భోజనానికి ఆమె పేరే పెట్టారు. అమ్మమ్మకు బాగా ఇష్టమైన ఘట్టం వేరే ఉంది. సీతమ్మ గారు ఎన్నాళ్లకో వీలు చేసుకుని అంతర్వేది స్వామి దర్శనానికి బయలుదేరారట. దారిలో ఆకలితో ఏడుస్తున్న పిల్లల్ని ఓదారుస్తూ ఎవరో, "కాసేపు ఓర్చుకోండి, సీతమ్మ గారింటికి వెళితే అన్నం పెడుతుంది" అంటున్నారట. అది విని ఆవిడ అక్కణ్నుంచే వెనక్కి తిరిగి, వాళ్లకంటే ముందు ఇల్లు చేరి పొయ్యి వెలిగించారట.

చిన్నప్పుడు కథగా విన్నాను. ఈసారి కాలువ గట్టు మీద నిలబడి, "అమ్మా, అమ్మమ్మ అంతర్వేది ఎందుకు వెళ్లలేదు?" అని అడిగాను.

అమ్మ కాసేపు ఆలోచించింది. ప్రతి భీష్మ ఏకాదశికీ రథోత్సవం చూడాలనే అనుకునేదట. ఒక ఏడు పిన్ని పురుడు. ఒక ఏడు తాతయ్య కాలు విరిగింది. ఇంకో ఏడు చీర కట్టుకుని బస్సు కోసం బయటికొస్తే, గట్టు పని చేసే కూలీలు నలుగురు వానకు తడిసి అరుగు మీద కూర్చుని ఉన్నారట. సంచి లోపల పెట్టి అన్నం వండిందట. "రేపెళ్దాంలే" అందట.

నేను అమ్మమ్మను ఎంత తలుచుకున్నా ఈ ఒక్క విషయంలో నాకు బాధ పోదు. ఇంట్లో అందరం ఆమె వండింది తిన్నాం. ఒక్క రోజు వంట మేం చూసుకుంటాం, నువ్వు గుడికి వెళ్లు అని ఎవరూ అనలేదు. నేనూ అనలేదు. ఇప్పుడు మా ఇంట్లో వడ్డించేటప్పుడు చివరి పళ్లెంలో కూర ఉందో లేదో చూడకుండా నేను కూర్చోలేను. అది ఆమె దగ్గర నేర్చుకున్నదే, శివారు చేను గురించి తాతయ్య పడిన ఆరాటమూ అదే. కానీ ఆ చివరి పళ్లెం ఎప్పుడూ వండినామెదే కాకూడదని మా అమ్మాయికి చెబుతున్నాను.

రాజోలు, మలికిపురం త్వరగానే దాటిపోయాయి. అంతర్వేదిలో వశిష్ఠ గోదావరి సముద్రంలో కలుస్తుంది. గుడిలో స్వామి పడమటి ముఖంగా ఉంటాడు. రద్దీ లేదు. పూజారి గారు ముడుపు చూసి, "ఎవరిదమ్మా మొక్కు?" అని అడిగారు.

"మా అమ్మదండి. దీనికి జ్వరం తగ్గితే తెస్తానని మొక్కింది" అంది అమ్మ, నన్ను చూపిస్తూ.

"ఎప్పుడు తగ్గిందమ్మా?"

"1998లో."

ఆయన నవ్వలేదు. ముడుపు స్వామి పాదాల దగ్గర పెట్టి, గోత్రం చెప్పుకుని, తిరిగి నా చేతికిచ్చి విప్పమన్నారు. గుడ్డ బిరుసెక్కి ముడి ఎంతకీ రాలేదు. చివరికి అమ్మ పంటితో లాగింది. పదకొండు రూపాయి బిళ్లలు, వాటితో పాటు చిన్న తెల్ల మాత్ర ఒకటి, పొడిపొడి అయిపోయి. అప్పట్లో నేను మింగకుండా ఉమ్మేసిన మాత్రల్లో అదీ ఒకటేమో. అమ్మమ్మ దాన్నెందుకు ముడుపులో కట్టిందో అమ్మకూ తెలియదు. బిళ్లలు ఒక్కొక్కటే హుండీలో వేశాను. పదకొండోది వేసేసరికి కళ్లకేమీ కనిపించలేదు.

తిరిగొచ్చేటప్పటికి సాయంత్రమైంది. లొల్ల లాకుల దగ్గర అమ్మ కారు ఆపమంది. షట్టరు దగ్గర ఒకాయన ఒంగి హ్యాండిల్ తిప్పుతున్నాడు. అమ్మ ప్రసాదం పొట్లం పట్టుకుని దగ్గరికి వెళ్లింది.

"ఎవరండి మీరు?" అన్నాడు.

"ఇక్కడ చేసిన లస్కరు గారి అమ్మాయినండి" అంది అమ్మ.

ఆయన హ్యాండిల్ వదిలి, కాలువ నీళ్లతో చేతులు కడుక్కుని, తువ్వాలుతో తుడుచుకుని, రెండు చేతులూ చాపాడు.