అడవి దాటితే ఆట: సాస్కటూన్ నుంచి ఫ్లిన్ ఫ్లాన్ దాకా

జనవరిలో ఒక బుధవారం మధ్యాహ్నం కెనడాలోని సాస్కటూన్‌లో బయల్దేరేటప్పటికి బయట మైనస్ 31 ఉంది. ఆ రాత్రి హంబోల్ట్‌లో ఆట, గురువారం నిపవిన్‌లో మజిలీ, శుక్ర, శనివారాలు ఫ్లిన్ ఫ్లాన్‌లో రెండు ఆటలు, ఆదివారం తిరుగు ప్రయాణం. సస్కాచెవాన్ రాష్ట్రంలో కుర్రాళ్ళ ఐస్ హాకీ పోటీ అయిన సస్కాచెవాన్ జూనియర్ హాకీ లీగ్ అర్థం కావాలంటే పాయింట్ల పట్టిక ఒక్కటీ చాలదు. షెడ్యూలు పక్కన రోడ్డు మ్యాపు పరుచుకుని కూర్చోవాలి.

మేం వెళ్ళినప్పుడు లీగ్‌లో 12 జట్లు. పదకొండు సస్కాచెవాన్‌వి, పన్నెండోది పక్క రాష్ట్రం మానిటోబాలో, సరిహద్దు మీద కూర్చున్న ఫ్లిన్ ఫ్లాన్. ఒక్కో జట్టుకు 56 ఆటలు, సగం సొంతూళ్ళో, సగం పైఊళ్ళలో. సెప్టెంబరు నడిమికి మొదలై మార్చి మొదటికి అయిపోతాయి, ఆ తర్వాత ఏడింట నాలుగు గెలవాల్సిన ప్లేఆఫ్స్. ఆడేవాళ్ళంతా 16 నుంచి 20 ఏళ్ళ కుర్రాళ్ళు. జీతాలుండవు. ఊళ్ళోని కుటుంబాలు వాళ్ళను సీజన్ పొడుగునా ఇంట్లో పెట్టుకుని అన్నం పెడతాయి, వీటిని బిల్లెట్ కుటుంబాలంటారు. అమెరికా సరిహద్దు పక్కనున్న ఎస్టెవన్ నుంచి ఫ్లిన్ ఫ్లాన్ వెళ్ళాలంటే 800 కిలోమీటర్ల పైమాటే. విజయవాడలో బస్సెక్కి నాగపూర్ దాటి పోయినంత దూరం, అదీ మంచులో. అంత దూరం వెళ్ళి ఒక్క ఆటతో తిరిగి రావడం దండగ కాబట్టి అక్కడ వరసగా రెండు రాత్రులు ఆడిస్తారు. రెండో రాత్రి మూడో పీరియడ్‌లో, అంటే ఆట చివరి భాగంలో, పైఊరి నుంచి వచ్చిన జట్టు కాళ్ళు బరువెక్కడం కంటికి కనిపిస్తుంది. నా లెక్కలో ఈ లీగ్‌లో పదమూడో జట్టు రోడ్డే.

హంబోల్ట్ 113 కిలోమీటర్లు, 5వ నంబరు హైవే మీద గంటంపావు. ఎల్గర్ పీటర్సన్ అరీనాలో ఆట ఏడున్నరకైనా ఆరున్నరకే లోపల ఉండటం మంచిది, వార్మప్ చూడొచ్చు. టికెట్టు 15, 20 డాలర్ల మధ్య. కొన్ని ఊళ్ళలో గుమ్మం దగ్గర నగదే తేలిక కాబట్టి చిన్న నోట్లు ఉంచుకోండి. కుర్చీలు చల్లగా ఉంటాయి. కిందికి దళసరి దుప్పటి మడత, కాళ్ళకు రెండు జతల మేజోళ్ళు తప్పనిసరి. క్యాంటీన్‌లో శాకాహారులకు దొరికేవి బంగాళాదుంప వేపుళ్ళు, చీజు పెరోగీలు (లోపల చీజు కూరిన, కజ్జికాయల్లాంటివి), హాట్ చాక్లెట్. పెరోగీ మీద బేకన్ అనే పంది మాంసం ముక్కలు చల్లుతారు, వద్దని ముందే చెప్పాలి. ఫిఫ్టీ-ఫిఫ్టీ లాటరీ టికెట్లు అమ్ముతూ వస్తే ఒకటి కొనండి. పోగైన డబ్బులో సగం గెలిచినవాళ్ళకు, సగం జట్టుకు. బస్సు డీజిలు ఖర్చులో కొంత ఈ చిల్లర నుంచే వస్తుంది.

పీరియడ్ల మధ్య జనం క్యాంటీన్ వైపు పోతారు. నేను మాత్రం మంచును నున్నగా చేసే జాంబోనీ బండి కోసం, ఆడే మంచు గచ్చు (రింక్) చుట్టూ ఉండే గాజు గోడ దగ్గరే నిలబడతాను. 61 మీటర్ల పొడవు, 26 మీటర్ల వెడల్పున్న ఆ రింక్‌లో మంచు మందం ఒకటి, ఒకటిన్నర అంగుళాలే. దాని కింద కాంక్రీటు, కాంక్రీటులో గొట్టాలు, గొట్టాల్లో చల్లబరిచిన ఉప్పునీళ్ళు. బండి కింద పొడవాటి కత్తి మంచు పైపొరను చెక్కుతుంది, వెనకాల గుడ్డ నీళ్ళు పరుస్తూ వస్తుంది. ఆ నీళ్ళు వేడివి, దాదాపు 60 డిగ్రీలు. మంచు మీద వేడినీళ్ళెందుకంటే, అవి పైపొరను కాస్త కరిగించి దానిలో కలిసిపోయి ఒకటిగా గడ్డకడతాయి. వేడినీళ్ళలో గాలి బుడగలు కూడా తక్కువ కాబట్టి మంచు గట్టిగా, నున్నగా వస్తుంది. చన్నీళ్ళు పోస్తే పైపొర పెచ్చులా లేస్తుంది. బండి ఎంత ఒరుసుకుపోయినా గోడ బోర్డుల వార కొంత మిగిలిపోతుంది. వారాల తరబడి పట్టించుకోకపోతే అక్కడ మంచు గట్టులా పెరిగి పక్, అంటే ఆటలో కొట్టే బిళ్ళ, ఎగిరిపడుతుంది. అందుకే పొద్దున పూట ఒక మనిషి ఎడ్జర్ అనే చిన్న యంత్రం తోసుకుంటూ ఆ వార అంతా చెక్కుతాడు. పక్‌లను కూడా ఆటకు ముందు గడ్డకట్టిస్తారు. 160 గ్రాముల రబ్బరు బిళ్ళ వెచ్చగా ఉంటే బంతిలా గెంతుతుంది, చల్లబడితే బుద్ధిగా జారుతుంది.

గురువారం పొద్దున నిపవిన్ వైపు 35వ నంబరు రోడ్డు పట్టాం. టిస్‌డేల్ దాటి ఉత్తరంగా 30 కిలోమీటర్లు పోతే 335వ రోడ్డు అడ్డంగా వచ్చే కూడలి. 2018 ఏప్రిల్ 6 సాయంత్రం నిపవిన్‌లో ప్లేఆఫ్ ఆటకు వెళ్తున్న హంబోల్ట్ జట్టు బ్రాంకోస్ బస్సు, స్టాప్ బోర్డు దగ్గర ఆగకుండా వచ్చిన ట్రక్కును ఢీకొన్నది ఇక్కడే. బస్సులో 29 మంది. 16 మంది పోయారు, 13 మంది గాయాలతో బయటపడ్డారు. కూడలి పక్కన శిలువలు, హాకీ కర్రలు, ఆకుపచ్చ, పసుపు జెర్సీలు ఉన్నాయి. బండి ఆపేవాళ్ళు హైవే అంచున కాకుండా పక్కకు తీసి ఆపాలి, హజార్డ్ లైట్లు వేయాలి. కాసేపు నిలబడి వచ్చేయాలి, ఫొటోల చోటు కాదది.

ఆ ప్రమాదం తర్వాత సస్కాచెవాన్‌లో భారీ ట్రక్కు లైసెన్సుకు శిక్షణ తప్పనిసరి చేశారు, 2019 మార్చి నుంచి అమలైంది. కొత్తగా తయారయ్యే పెద్ద బస్సుల్లో సీటు బెల్టులు ఉండాలన్న దేశవ్యాప్త నియమం 2020 సెప్టెంబరు నుంచి వచ్చింది. పోయినవారిలో లోగన్ బూలే అనే 21 ఏళ్ళ కుర్రాడి అవయవాలు ఆరుగురికి అమర్చారు. ఆ కబురు విని దేశమంతా లక్షమందికి పైగా అవయవదానానికి పేరు రాయించుకున్నారు. ఏటా ఏప్రిల్ 7న కెనడాలో ఆకుపచ్చ చొక్కాలు వేసుకునేది అతని పేరనే.

నిపవిన్‌లో మధ్యాహ్నమంతా రింక్‌లో స్కేట్లకు సాన పట్టే గదిలో గడిచింది. చూడని వాళ్ళు స్కేటు బ్లేడు కత్తిలా సూదిగా ఉంటుందనుకుంటారు. కాదు, మూడు మిల్లీమీటర్ల మందమున్న బ్లేడు అడుగున పొడుగునా సన్నటి గాడి ఉంటుంది. ఆ గాడికి అటూ ఇటూ నిలిచే రెండు అంచులే మంచును పట్టేది. ముందు సాన రాయి అంచును వజ్రపు మొనతో గుండ్రంగా చెక్కుతారు. ఆ గుండ్రం వ్యాసార్ధాన్ని బట్టే గాడి లోతు. ఎక్కువమంది అర అంగుళం అడుగుతారు. వ్యాసార్ధం తగ్గితే గాడి లోతై పట్టు పెరుగుతుంది, కానీ జారుడు తగ్గి కాళ్ళు త్వరగా అలిసిపోతాయి. బరువు తక్కువున్న కుర్రాళ్ళకు లోతు గాడి కావాలి, బరువైన వాడు తన బరువుతోనే మంచులోకి దిగుతాడు. బాగా చల్లగా గట్టిపడిన మంచు మీద లోతు, మెత్తటి మంచు మీద తక్కువ.

ఆ తర్వాత స్కేటును బిగించి, రాయి మీదుగా ఒకే ఒత్తిడితో మూడు నాలుగు సార్లు లాగుతారు. మధ్యలో చెయ్యి ఆగిందా, అక్కడ బ్లేడు తినేసి పల్లం పడుతుంది. చివర్లో అంచున లేచిన రజను చిన్న నూరుడు రాయితో తీసేస్తారు. అసలు పరీక్ష ఆ తర్వాత. బ్లేడును తలకిందులుగా పట్టుకుని, అంచుల మీద చిన్న లోహపు పట్టీ అడ్డంగా నిలబెట్టి కంటి ఎత్తుకు తెచ్చి చూస్తారు. పట్టీ వెంట్రుకవాసి ఒక పక్కకు ఒరిగితే ఒక అంచు ఎత్తయిందన్నమాట. ఆ స్కేటుతో కుర్రాడు ఒక పక్కకు తిరిగినప్పుడల్లా కాలు జారుతుంది, ఎందుకో అతనికి తెలియదు. బిగింపు ఎత్తును మర ఒక పిసరు తిప్పి మళ్ళీ మొదటినుంచి పట్టాలి. జట్టు వెంట తిరిగే ఎక్విప్‌మెంట్ మేనేజర్ ఇరవై మందికి పైగా ఆటగాళ్ళ కొలతలు గుర్తుపెట్టుకుంటాడు. రింక్‌లోంచి బయటికి వచ్చాక బ్లేడు తుడిచి గుడ్డ తొడుగే వేయాలి. ప్లాస్టిక్ తొడుగులో తడి నిలిచి రాత్రికి రాత్రే తుప్పు పడుతుంది.

శుక్రవారం పొద్దున కారు స్టార్టయింది, కానీ ఆ ముందు రాత్రి ఒక పాఠం ఉంది. ఇక్కడి కార్ల ముందు గ్రిల్‌లోంచి చిన్న ప్లగ్గు వేలాడుతుంటుంది, అది బ్లాక్ హీటరుది. మైనస్ 15, 20 దిగితే దాన్ని కరెంటుకు తగిలించాలి. రాత్రంతా అక్కర్లేదు, బయల్దేరే ముందు మూడు నాలుగు గంటలు చాలు. మేం దిగిన మోటెల్‌లో పార్కింగ్ దగ్గరున్న ప్లగ్గులో కరెంటే లేదు. చివర చిన్న దీపం వెలిగే ఎక్స్‌టెన్షన్ వైరు ఉండబట్టి అప్పుడే తెలిసింది, ఇంకో స్తంభం దగ్గరికి మార్చుకున్నాం. దీపం లేని వైరయితే పొద్దున మైనస్ 38లో తెలిసేది. ఆ వైరే కొనండి.

నిపవిన్ నుంచి 55వ రోడ్డు మీద పడమరగా చాయిస్‌లాండ్, స్మీటన్. స్మీటన్ దగ్గర ఉత్తరానికి తిరిగేది 106వ నంబరు, హాన్సన్ లేక్ రోడ్డు. ఇక అక్కడినుంచి ఫ్లిన్ ఫ్లాన్ పక్కనున్న క్రెయిటన్ దాకా సుమారు 300 కిలోమీటర్లు అడవి, గడ్డకట్టిన చెరువులు. పెట్రోలు బంకులు లెక్కకు రానంత తక్కువ, చాలా మేర ఫోను పలకదు. టాంకు నింపుకునే మలుపు తిరగాలి. పొద్దున హైవే హాట్‌లైన్‌లో రోడ్డు పరిస్థితి చూడాలి. తొమ్మిదికి గానీ పూర్తిగా తెల్లవారదు, ఐదు లోపే చీకటి పడుతుంది. సంధ్య వేళల్లో మూస్‌లు అనే పెద్ద దుప్పులు రోడ్డెక్కుతాయి. అవి ముదురు రంగు, కాళ్ళు ఎత్తు, కళ్ళు హెడ్‌లైటు ఎత్తుకు పైన ఉంటాయి కాబట్టి జింక కళ్ళలా మెరవవు. అందుకే ఈ దారి పగలే దాటాలి.

బండిలో పార, ఇసుక, బ్యాటరీ కేబుళ్ళు, దుప్పట్లు, డబ్బాలో కొవ్వొత్తి, అగ్గిపెట్టె ఉండాలి. ఇరుక్కుపోతే కారు దిగి నడవకూడదు. గంటకు పది నిమిషాలు ఇంజిన్ నడపాలి, నడిపే ముందు ప్రతిసారీ, కారు వెనకున్న పొగ గొట్టం చుట్టూ మంచు తీసెయ్యాలి. అది మూసుకుపోతే విషవాయువు లోపలికి వస్తుంది. పులిహోర తెచ్చుకున్నవాళ్ళు డిక్కీలో పెడితే మధ్యాహ్నానికి రాయి. హాట్‌ప్యాక్‌లో పెట్టి, తువ్వాలు చుట్టి కాళ్ళ దగ్గర ఉంచుకోవాలి. నీళ్ళ సీసాలూ అంతే.

ఫ్లిన్ ఫ్లాన్ ఊరే బండల మీద కట్టారు. తవ్వడం కుదరక మురుగు గొట్టాలను నేలపైనే చెక్క పెట్టెల్లో నడిపించారు, వాటి మీదే జనం నడుస్తారు. రాగి, జింకు గని 2022లో మూతపడింది. హాకీ మాత్రం మూతపడలేదు. ఊరి జట్టు ఫ్లిన్ ఫ్లాన్ బాంబర్స్ 1957లో కెనడా జూనియర్ హాకీలో పెద్ద బహుమతి, మెమోరియల్ కప్ గెలిచారు. ఈ ఊరి పిల్లాడే బాబీ క్లార్క్, మధుమేహం ఉందని మిగతావాళ్ళు వెనకాడితే 1969లో ఎన్‌హెచ్‌ఎల్ అనే పెద్ద ప్రొఫెషనల్ లీగ్‌లోని ఫిలడెల్ఫియా జట్టు తీసుకుంది. 1974, 75ల్లో ఆ జట్టుకు ఆ లీగ్ విజేత బహుమతి స్టాన్లీ కప్ రెండుసార్లు గెలిపించాడు. ఊరి రింక్ విట్నీ ఫోరమ్‌లో సీట్లు ఆటకు ఎంత దగ్గరంటే బోర్డుకు తగిలిన దెబ్బ పాదాలకు తెలుస్తుంది. బాంబర్స్ పెద్ద ఆట గెలిస్తే ప్రేక్షకులు మూస్ కాలు రింక్ మీదికి విసురుతారు. మా రెండు రాత్రుల్లో కాలు పడలేదు, అది ప్లేఆఫ్స్ ముచ్చట.

శనివారం ఆట అయ్యాక వచ్చిన జట్టు బస్సు దగ్గర గంటసేపు పని జరిగింది. ఒక్కో సంచీ ఇరవై కిలోల వరకు తడిసిన సామాను. బస్సు కడుపులో అది గడ్డకట్టేస్తుంది, కాబట్టి సొంత రింక్ చేరగానే ఏ వేళయినా సంచులు విప్పి తగిలించాలి. ఆరబెట్టేది పంకా గాలికే. హీటరు ముందు పెడితే తోలు పగిలి, స్కేటు బూటు జిగురు వదులుతుంది. కుర్రాళ్ళలో కొందరికి సోమవారం బడి ఉంటుంది.

ఆదివారం తొమ్మిదిన్నరకు బయల్దేరి మూడింటికి ముందే స్మీటన్ మలుపు దాటాం. మార్చిలో ప్లేఆఫ్స్‌కు వెళ్ళేవాళ్ళు ఒకటి గుర్తుపెట్టుకోవాలి. సస్కాచెవాన్‌లో దాదాపు అంతటా గడియారం ఏడాదంతా మారదు, ఫ్లిన్ ఫ్లాన్ ఉన్న మానిటోబాలో మార్చి రెండో ఆదివారం గంట ముందుకు జరుగుతుంది. సాస్కటూన్ టైము చూసుకుని వెళ్తే మొదటి పీరియడ్ పోయినట్టే.