ఫారం 31 సరిపోయే చోట ఫారం 19 ఎందుకు?

పైడిభీమవరం ఫార్మా కంపెనీలో రెండేళ్లు, హైదరాబాద్‌లో మూడేళ్లు, ఆపైన చెన్నై. మానేసిన ప్రతిసారీ, సంక్రాంతికి ఊరొచ్చినప్పుడు శ్రీకాకుళం కాంప్లెక్స్ దగ్గర ఏదో నెట్ సెంటర్‌లో కూర్చుని పీఎఫ్ మొత్తం లాగేసుకోవడం మన కుర్రాళ్లకి అలవాటైపోయింది. "మన డబ్బే కదా, తీసేస్తే ఏటవుతాది?" అంటారు. దెబ్బ తగిలేది పింఛనుకి.

మీ జీతంలో కోసే 12 శాతం పూర్తిగా పీఎఫ్‌లో పడుతుంది. కంపెనీ ఇచ్చే 12 శాతంలో 8.33 శాతం పింఛను పథకానికి పోతుంది. దానికి జీతం పరిమితి 15,000 కాబట్టి మామూలుగా నెలకి 1,250 దాటదు. పాస్‌బుక్‌లో ఇది వేరే గడిలో కనిపిస్తుంది. పీఎఫ్ మొత్తానికి ఫారం 19, పింఛను సొమ్ముకి ఫారం 10సీ. నెట్ సెంటర్ వాళ్లు అడక్కుండానే రెండూ కొట్టేస్తారు. 10సీలో డబ్బు తీసుకున్నారంటే అప్పటిదాకా చేసిన సర్వీసు పింఛను లెక్కలో చెల్లిపోయినట్టే, మళ్లీ సున్నా నుంచి మొదలు. పింఛనుకి పదేళ్లు కావాలి, తొమ్మిదేళ్ల ఆరు నెలలు దాటితే పదిగా లెక్కిస్తారు. రెండు, మూడు, ఐదు ఏళ్లుగా ముక్కలు చేసి తీసుకున్నవాళ్లకి 58 ఏళ్లకి చేతిలో ఏమీ ఉండదు.

ఉద్యోగం మారితే ఖాతాని కొత్త కంపెనీకి బదిలీ పెట్టండి. పెళ్లికో, ఆసుపత్రికో, ఇంటికో డబ్బు కావాలంటే ఫారం 31తో అడ్వాన్సు తీసుకోండి, ఖాతా బతికే ఉంటుంది. లక్ష రూపాయలు కదపకుండా ఉంచితే, ఇప్పటి 8.25 శాతం వడ్డీయే కొనసాగిందనుకుంటే, ఇరవై ఏళ్లకి దాదాపు 4.88 లక్షలవుతుంది.

పన్ను సంగతి: ఐదేళ్ల సర్వీసు నిండకుండా 50,000 గానీ అంతకు మించి గానీ తీస్తే 10 శాతం టీడీఎస్ (ముందుగానే పట్టుకునే పన్ను) కోస్తారు, పాన్ లేకపోతే 20. పాత ఖాతా బదిలీ చేసుకుని ఉంటే ఆ సర్వీసూ ఐదేళ్లలో కలుస్తుంది.

ఉద్యోగం పోయిన రెండు నెలలకి మొత్తం తీసుకునే పాత వెసులుబాటుని మారుస్తూ 2025 అక్టోబరులో పీఎఫ్ సంస్థ ట్రస్టీల బోర్డు నిర్ణయం చేసింది: 75 శాతం వెంటనే, పూర్తి సొమ్ముకి 12 నెలలు, పింఛను సొమ్ముకి 36 నెలలు ఆగాలి. దరఖాస్తుకి ముందు పీఎఫ్ పోర్టల్‌లో ఏం చూపిస్తోందో చూసుకోండి.

ఇక క్లెయిమ్ తిరిగొచ్చేది ఎక్కువగా పేర్ల దగ్గరే. ఆధార్‌లో ఇంటిపేరు పూర్తిగా ఉంటుంది, కంపెనీ రికార్డులో ఒక్క పొడి అక్షరం. ఒకచోట అప్పలనాయుడు, ఇంకోచోట అప్పల నాయుడు. ఇది క్లెయిమ్ పెట్టకముందే జాయింట్ డిక్లరేషన్‌తో (వివరాలు సరిదిద్దమని పెట్టే దరఖాస్తు) సరిచేయించాలి. రెండోది ఐఎఫ్ఎస్‌సీ, అంటే బ్యాంకు బ్రాంచి కోడ్: ఆంధ్రా బ్యాంకు 2020 ఏప్రిల్‌లో యూనియన్ బ్యాంకులో కలిసింది, పాత కోడే వదిలేసినవాళ్లు మన జిల్లాల్లో ఇంకా ఉన్నారు. మూడోది, కంపెనీ మానేసిన తేదీ ఎక్కించకపోవడం. చివరి చందా పడిన రెండు నెలల తర్వాత ఆధార్ ఓటీపీతో దాన్ని మీరే ఎక్కించుకోవచ్చు.

యూఏఎన్‌కి (మీ పీఎఫ్ ఖాతాలన్నిటికీ ఒకటే ఉండే నంబరు) నెట్ సెంటర్ వాడి ఫోన్ నంబరు మాత్రం పెట్టనివ్వకండి. క్లెయిమ్ ఆగితే విశాఖకి బస్సెక్కే ముందు, ఆ ఖాతా ఏ ఆఫీసు కింద ఉందో చూడండి. అది మీ ఊరిని బట్టి కాదు, కంపెనీని బట్టి ఉంటుంది.